తాత్పర్యము నెవరు చెప్పవలెను?

మన పాఠశాలలలో తెలుగు పద్యపాఠము జరుగు తీరు చదువరు లందఱికిని తెలిసినదే. ఉపాధ్యాయుడు పద్యమును రాగముతో చదువును. పదములను విడదీసి ప్రతిపదార్థము చెప్పును. పిమ్మట తాత్పర్యము వ్రాసికొనుడని నాలుగు వాక్యములు చెప్పును. బాలబాలికలు తలలు వంచి వ్రాసికొందురు. పరీక్షనాడు ఆ నాలుగు వాక్యములను పొల్లుపోకుండ వ్రాసినవానికి నిండు మార్కులు. తన మాటలలో వ్రాసినవానికి సగము. తనకు తోచిన వేఱొక భావమును వ్రాసినవానికి సున్న. గద్యపాఠముల గతియు నించుమించుగ నిదియే. పాఠము చివర ప్రశ్న లుండును. వానికి జవాబు లే పంక్తినుండి యే పంక్తివఱకో పుస్తకములో పెన్సిలుతో గుర్తు పెట్టబడి యుండును. లేదా యంగడిలో దొరకు గైడులో అచ్చుపడి సిద్ధముగ నుండును. ఇట్లు పదియేండ్లు చదివినవాడు అక్షరము రానివాడు కాడు. కాని యాతడు చదువరి యగునా?

ఈ ప్రశ్నను బోధనపద్ధతికి మాత్రమే సంబంధించినదిగ నెంచి, శిక్షణ కళాశాలలకు విడిచిపెట్టుట పరిపాటి యైనది. మా యభిప్రాయమున నిది ధర్మమునకు సంబంధించిన ప్రశ్న. పసిబిడ్డకు తల్లి యన్నమును మెదిపి పెట్టును, అది వాత్సల్యము. పండ్లు వచ్చిన పిదపను మెదిపియే పెట్టుచుండెనేని, ఆమె బిడ్డకు మేలు చేయుట లేదు. వాని పండ్లకు పనిలేకుండ చేయుచున్నది. చెప్పినదానినుండి చెప్పనిదానిని గ్రహించు శక్తి మనుష్యుని బుద్ధికి పండ్లవంటిది. దానినే మేమిచ్చట ఊహ యని వ్యవహరింతుము. ఈ యూహను విద్యార్థిచేత చేయించుట ఉపాధ్యాయుని విధియా, లేక దయతలచి చేయు నదనపు పనియా? విధియే యని మా వాదము. దానిని చేయింపక తాత్పర్యమును తానే చెప్పి వ్రాయించువాడు విద్యార్థికి న్యాయముగ రావలసిన యొక సొత్తును తన యొద్దనే యుంచుకొనుచున్నాడు.

తాత్పర్య మను మాట చరిత్రమే యిందుకు సాక్ష్యము. వాక్యము దేనియందు తత్పరమై యున్నదో, అనగా దేనిని లక్ష్యముగ పెట్టుకొని పలుకబడినదో, అది దాని తాత్పర్యము. అది పైకి కనబడునది కాదు గనుకనే వేదాంతులు దానిని కనిపెట్టుటకు ఆఱు గుర్తులను చెప్పిరి: గ్రంథమున మొదటను తుదను చెప్పిన విషయ మొకటియే యగుట, ఒకదానినే మఱల మఱల చెప్పుట, ఇతర ప్రమాణములచే తెలియని క్రొత్తదన ముండుట, ప్రయోజనము, ప్రశంస, యుక్తి. శాస్త్రకారులు వీనినే ఉపక్రమోపసంహారములు, అభ్యాసము, అపూర్వత, ఫలము, అర్థవాదము, ఉపపత్తి యని పిలిచిరి. ఇవి చదువువానికి ఇయ్యబడిన పనిముట్లు. వీనితో తవ్వి తీయవలసినది తాత్పర్యము. అట్టి మాట నేడు మన బడులలో, ఒకరు చెప్పగా నొకరు వ్రాసికొను నాలుగు వాక్యములకు పేరైనది. వెదకవలసినదానికి పెట్టిన పేరు వెదకనక్కఱలేనిదానికి పేరగుట మన విద్య యెచ్చట దారి తప్పెనో చూపుచున్నది.

మన పూర్వులు చెప్పని యర్థమునుగూర్చి చేసినంత విచారము మఱియే విషయమును గూర్చియు చేసి యుండరు. బలిసిన దేవదత్తుడు పగటిపూట భుజింపడని యొకడు చెప్పెను. రాత్రి భుజించునని వాడు చెప్పలేదు. అయినను విన్నవాడు రాత్రిభోజనమును గ్రహింపక తప్పదు. లేనిచో విన్న వాక్యమే పొసగదు. దీనిని మీమాంసకులు అర్థాపత్తి యనిరి. నైయాయికులు దీనిని వేఱు ప్రమాణముగ నంగీకరింపక, కొండమీది పొగను చూచి నిప్పు నూహించు అనుమానములోనే చేర్చిరి. తొమ్మిదవ శతాబ్దమున కాశ్మీరమునందు ఆనందవర్ధనుడు కావ్యమునకు ధ్వనియే యాత్మ యని స్థాపించెను. పదునొకండవ శతాబ్దమున ఆ దేశమువాడే యైన మహిమభట్టు వ్యక్తివివేకమును వ్రాసి, ధ్వని యని వేఱుగ నొక వ్యాపారము లేదు, అది యంతయు అనుమానమే యని ఖండించెను. వారి వివాదము చెప్పని యర్థమును మన మే త్రోవను పొందుదు మనుటను గూర్చియే. చెప్పని యర్థము కలదనుటలోను, దానిని పొందుటకు వినువాడు పాటుపడవలె ననుటలోను ఉభయులకును భేదము లేదు.

ఇంతటి విద్య మనకుండియు నది జనులకు చేరలేదు. శాస్త్రములు సంస్కృతమున నుండెను. వానిని చదువు నధికారము కొలది కులములవారికే, అందును పురుషులకే దక్కెను. తక్కినవారికి మిగిలినది వినుటయు, నమ్ముటయు మాత్రమే. ఒకడు తాత్పర్యము చెప్పును, పదిమంది తల యూతురు. నేడు బడి తలుపు లందఱికిని తెఱువబడినవి. కాని లోపల కూర్చున్నవారి కా వెనుకటి యేర్పాటే మిగిలినచో, తలుపులు తెఱచి ప్రయోజన మేమి? మాలపల్లె నుండి వచ్చిన బాలికయు, అగ్రహారమునుండి వచ్చిన బాలుడును ఒకే బల్లమీద కూర్చుండి, ఒకే గైడును వల్లెవేయుట సమానత్వము కాదు. ఇద్దఱికిని తాత్పర్యమును కనిపెట్టు నధికార మిచ్చుట సమానత్వము.

పిల్లల కింతటి శక్తి యుండునా యని కొందఱు శంకింతురు. బడికి రాకముందే వారి కా శక్తి యున్నదని వారి యాటలే చెప్పుచున్నవి. ఎన్నిమాఱులు తీసినను మూసినను చప్పుడు చేయని తలుపు లేవి యని అవ్వ పొడుపుకథ వేయును; అయిదేండ్ల మనుమరాలు కనుఱెప్పలని విప్పును. ఆ పిల్ల చేసినపని యేమి? తలుపునకును ఱెప్పకును గల పోలికను పట్టుకొనెను. చప్పుడు లేదను గుర్తుతో కొయ్యతలుపును త్రోసిపుచ్చెను. అత్తమీది కోపము దుత్తమీద చూపిన దను సామెతను విన్న పిల్లవాడు, అందులో అత్తయు దుత్తయు లేని తన యింటి తగవునకు దానిని తగిలించి చూచుకొని నవ్వును. తల్లి, ప్రొద్దు పోయినది కదా యనినంతనే, ఆట చాలించి యింటికి రమ్మనుచున్నదని గ్రహించును. ఇట్టి పిల్ల పుస్తకము తెఱచునప్పటికి ఊహ యెక్కడ పోవును? పుస్తకమున నున్నది యొప్పచెప్పుటకే గాని యోచించుటకు గాదని మన మతనికి నేర్పితిమి. వాడు శ్రద్ధగా నేర్చుకొనెను.

పడమటి దేశములలో దీనిని పరీక్షించి చూచినవారు కలరు. 1917వ సంవత్సరమున అమెరికాలో ఎడ్వర్డు థారన్‌డైకు, చదువుట యనగా తర్కించుటయే యని ప్రతిపాదించుచు నొక వ్యాసమును ప్రకటించెను. ఒక చిన్న పేరాను పిల్లల కిచ్చి, దానిని వారి యెదుటనే యుంచి ప్రశ్న లడిగి, వారి తప్పులను ఆయన వరుసగ పరిశీలించెను. ఆ తప్పులు జ్ఞాపకలోపమువలన కలిగినవి కావు; పేరా కన్నులయెదుటనే యున్నది. ఒక మాట కుండవలసినదానికంటె నెక్కువ బరువు నిచ్చుట, వేఱొక మాట కుండవలసినదానికంటె తక్కువ బరువు నిచ్చుట యనునవే వానికి ముఖ్యకారణములని ఆయన కనిపెట్టెను. లెక్క చేయువాడు తగిన యంకెలను ఏఱి, తగిన సంబంధమున కూర్చునట్లే, చదువువాడును మాటలను ఏఱి, తూచి, కూర్పవలెనని ఆయన సిద్ధాంతము. నూఱేండ్లు దాటినను మన బడులలో లెక్కకు తర్కమును, పాఠమునకు కంఠస్థమును కేటాయించుచునే యున్నాము.

మాటలను తూచుట యెట్లో చిన్న యుదాహరణమున చూతము. నాలుగవ తరగతి పిల్లల కీ క్రింది వాక్యముల నిచ్చితి మనుకొందము. "ఆనాడు రామయ్యగారి వాకిట ముగ్గు లేదు. పొయ్యి రాజలేదు. పొరుగింటివారు అన్నము వండి తెచ్చి పెట్టిరి. మనుమడు తాతగారి చేతికఱ్ఱను ఒడిలో పెట్టుకొని, మూల కూర్చుండి యెవరితోను మాటాడలేదు." ఏమి జరిగినదని యడుగుడు. ఇల్లాలికి జ్వరము వచ్చినదని యొకడు చెప్పును. తప్పని త్రోసివేయరాదు, ముగ్గు లేకుండుటకు, పొయ్యి రాజకుండుటకు, పొరుగువా రన్నము తెచ్చుటకు నది చాలును. మఱి చేతికఱ్ఱ మాట యేమి? ఆ యొక్క మాటకు వాని యూహలో చోటు లేదు. తాతగారు మనుమని కొట్టిరని యింకొకడనును. కఱ్ఱకు చోటు దొరకినది గాని ముగ్గునకును పొయ్యికిని దొరకలేదు. తాతగారు పోయినారని యొక పిల్ల మెల్లగా చెప్పును. అప్పుడు నాలుగు వాక్యములును ఒక్క చోటికి వచ్చును. పోయినారన్న మాట వాక్యములలో నెచ్చటను లేదు. అయినను అది వానియందే యున్నది. ఆ పిల్ల దానిని కనిపెట్టినప్పుడు తరగతిలో నొక క్షణము కలుగు నిశ్శబ్దమును, ఉపాధ్యాయుడు చెప్పి వ్రాయించు వాక్య మెన్నటికిని కలిగింపజాలదు.

ఈ యుదాహరణమే మఱియొక సంగతిని చూపును. వాకిట ముగ్గు లేకుండుట యశుభసూచకమని తెలిసిన యింటి పిల్లకు మొదటి వాక్యమే సగము చెప్పును. ముగ్గు వేయు నాచారము లేని యింటినుండి వచ్చిన మహమ్మదీయ బాలునికో, క్రైస్తవ బాలికకో ఆ వాక్య మేమియు చెప్పదు. వారు మిగిలిన మూడు వాక్యములతోనే పని గడుపుకొనవలెను. వారికి జవా బాలస్యముగ తోచినచో, వారు మందమతులా? ఊహ శూన్యమునుండి పుట్టదు, తెలిసినదానినుండి పుట్టును. 1972వ సంవత్సరమున బ్రాన్స్‌ఫర్డు, జాన్సను అను అమెరికా మనశ్శాస్త్రజ్ఞులు, బట్టలుతుకు పనిని దాని పేరెత్తకుండ వర్ణించిన యొక పేరాను కొందఱికి వినిపించిరి. విషయ మేమో ముందుగ తెలిసినవారు దానిని సులభముగ గ్రహించి, జ్ఞాపక ముంచుకొనిరి. తెలియనివారికిని, విన్న తరువాత తెలిసినవారికిని అది యగమ్యగోచర మయ్యెను. మాటలు మాత్ర మందఱికి నవియే.

మన దేశమునకు తగినట్లు మే మొకటి కల్పించి చూపెదము. "ముందుగ కడిగి, గుడ్డతో తుడిచి, నీడ నారబెట్టవలెను. ఒక్క చుక్క తడి మిగిలినను పని యంతయు చెడును. గట్టి కత్తి కావలెను, చేయి జాగ్రత్త. మూడు పొడులను కొలత చొప్పున కలుపుకొని, నూనె పోసి, జాడీ కెత్తవలెను. మూడవనాడు తిరుగ కలుపవలెను. చేసిన కష్టము ఏడాది పొడుగునను ఫలించును." తెలుగింటి పిల్లకు రెండవ వాక్యము ముగియకముందే నోరూరును. మామిడికాయ యన్న మాటగాని, ఆవకాయ యన్న మాటగాని యిందులో లేదు. ఇదే పేరాను వేఱొక ఖండమున పండితుని చేతికిచ్చినచో, నాతడు తెల్లబోవును. కావున పట్టణపు జీవనమును గూర్చిన పాఠమును అడవిపల్లెలోని పిల్ల గ్రహింపలేనప్పుడు, ఆ పిల్లకు బుద్ధి లేదని తీర్పు చెప్పుట యన్యాయము. ఆ పిల్ల జాడలు చూచి యే మృగ మే దిక్కునకు పోయినదో చెప్పగలదు. తీర్పు చెప్పిన యుపాధ్యాయుడు చెప్పలేడు. జాలరి బిడ్డ గాలిని చూచి వల వేయవలసిన వేళ నెఱుగును. వారికి లేనిది ఊహ గాదు. ఆ పాఠమునకు కావలసిన సమాచారము. అది యిచ్చుట యుపాధ్యాయుని పని. సమాచారము నిచ్చి ఊహను విడిచిపెట్టవలెను. మన మిప్పుడు సమాచారమును దాచి, ఊహను చెప్పివేయుచున్నాము.

సమాచార ముండియు ఊహ చేయని పిల్లలును కొందఱు గలరు. 1980వ దశకమున ఇంగ్లండులో జేను ఓక్‌హిల్లు, నికొలా యూలు అను విదుషీమణులు ఏడెనిమిదేండ్ల పిల్లలలో నట్టివారిని పరిశీలించిరి. ఆ పిల్లలు తప్పులేకుండ గడగడ చదువగలరు. చదివిన కథలో చెప్పకుండ విడిచిన సంగతి నడిగినచో తడబడుదురు. వాక్యములలో నే మాట దేనిని సూచించుచున్నదో వెదకుటను, తమకు తామే ప్రశ్నలు వేసికొనుటను వారికి కొలది తరగతులలో నేర్పగా, వారి గ్రహణశక్తి బాగుపడెనని 1988వ సంవత్సరమున వా రిరువురును ప్రకటించిరి. ఇది పుట్టుకతో వచ్చు వరము కాదు, నేర్పదగిన నేర్పని దీనివలన తెలియుచున్నది. నేర్పదగినదానిని నేర్పకుండుట ఉపేక్ష. ఆ యుపేక్షవలని నష్టము మనది కాక పిల్లలది యగుటచేత నది దోషము.

నేర్పు విధ మంత కష్టమైనది కాదు. దినమున కొక ప్రశ్న చాలును. జవాబు చెప్పిన పిల్లను ఒప్పనియు తప్పనియు అనకముందు, "దేనినిబట్టి?" యని యడుగవలెను. ఈ ఒక్క మాట బోధన నంతయు మార్చును. ఆ పిల్ల చెప్పినది వాక్యముననే యున్నదా, రెండు మూడు వాక్యములను కలుపగా వచ్చినదా, తన యింటి యనుభవమునుండి తెచ్చినదా యను మూడు త్రోవలను వేఱుచేసి చూపవలెను. మూడవ త్రోవ తప్పు కాదు. కాని అది తనదని తెలిసి యుండవలెను. ఉపాధ్యాయుడు మొదట కొన్ని దినములు తాను చదువునప్పుడు తన మనస్సులో నడచు సంగతులను పైకి చెప్పుట మంచిది: ఇచ్చట నాకీ సందేహము కలిగినది, ఈ మాటవలన తీఱినది, ఇచ్చట పొరబడి వెనుకకు వచ్చితిని అని. పెద్దలును వెనుకకు వత్తురని చూచిన పిల్లకు ధైర్యము కలుగును.

కొంచెము పెద్దపిల్లలకు మన సాహిత్యమే కావలసినంత సామగ్రి నిచ్చును. గురజాడ అప్పారావుగారు 1910వ సంవత్సరమున ప్రకటించిన దిద్దుబాటు కథను చూడుడు. అర్ధరాత్రము దాటి యింటికి వచ్చిన గోపాలరావునకు గదిలో భార్య కనబడదు. ఒక యుత్తరము కనబడును. అందులో తన్ను సంబోధించిన మాటలో వెనుకటి ప్రేమ పోయి గౌరవము వచ్చియుండుట చూచి యాతడు ఉలికిపడును. ఉత్తరమున నింకేమి యున్నదో చదువకముందే, ఆ యొక్క సంబోధనమువలన నాతనికి తన స్థితి తెలిసిపోయినది. కథలోని పాత్రయే ఊహ చేయుచున్నాడు; చదువరి యాతని భుజముమీదుగా చూచుచు, ఆతడు గ్రహింపనిదానిని గూడ గ్రహించుచున్నాడు. కమలిని నిజముగ వెడలిపోయినదా? తుదకు మంచము క్రిందనుండి వినవచ్చిన నవ్వును విన్న పిదప, మొదటినుండి మఱల చదివినచో నే వాక్యములు వేఱుగ కనబడును? దిద్దుబాటు ఎవరిది, ఎవరు దిద్దిరి? చదువు నేర్చిన భార్య ఆ చదువుతోనే భర్తను దిద్దిన దను సంగతిని అప్పారావుగారు ఉపన్యాసముగ చెప్పలేదు. స్త్రీవిద్య మేలు కలిగించునని చెప్పించి వ్రాయించిన తాత్పర్యము పిల్లలకు మఱునాటికి మాసిపోవును. తామే కనిపెట్టినచో, అది వారి యభిప్రాయ మగును. సంస్కరణము కోరువారి కీ భేదము ముఖ్యము: ఒప్పగించిన యభిప్రాయమును ఇంకొక డెవడైనను వచ్చి మార్చగలడు.

ఇక లోకవ్యవహారమునకు వత్తము. భారతదేశ జనగణన నియమము ప్రకారము, ఏడేండ్లు నిండి, ఏదేని యొక భాషలో అర్థము తెలిసి చదువను వ్రాయను గలవాడు అక్షరాస్యుడు. అర్థము తెలిసి యను మాట యా నియమములోనే కలదు. 2011వ సంవత్సరపు జనగణనలో నాటి ఆంధ్రప్రదేశమున అక్షరాస్యులు సుమారు 67 శాతమని తేలెను. ఆ యఱువదియేడుగురిలో ఋణపత్రమును చదివి, అందులో చెప్పక విడిచిన వడ్డీ నూహింపగలవా రెందఱు? ధనము స్వల్పకాలమున రెట్టింపగునను ప్రకటనను చూచి, అది నిజమైనచో నా సంస్థ మన సొమ్ముకై యేల తిరుగవలెనని తర్కించువా రెందఱు? పుట అడుగున చీమలవంటి యక్షరములతో షరతులు వర్తించునని వ్రాసి యుండును. ఆ షరతు లేవో చెప్పకపోవుటయే యొక సమాచారమని గ్రహించినవాడు నిలుచును. గ్రహింపనివాడు సంతకము చేయును. పూర్వము వ్రేలిముద్ర వేసి మోసపోయిన రైతును చూచి జాలిపడితిమి. చదువుకొని సంతకము చేసి మోసపోయినవానిని చూచి నవ్వుదుము. వానికి చదువు చెప్పినవారిని మాత్రము మన మేమియు నడుగము.

ఊహ లేకపోవుట యొక యాపద. అదుపు లేని ఊహ యింకొక యాపద, బహుశః పెద్దది. 2018వ సంవత్సరమున, పిల్లల నెత్తుకొనిపోవు ముఠాలు తిరుగుచున్నవను వదంతి సెల్‌ఫోను సందేశముల ద్వారా వ్యాపించి, తెలుగు రాష్ట్రములతో గూడ పెక్కు రాష్ట్రములలో నిరపరాధులు మూకల చేతులలో ప్రాణములు కోల్పోయిరి. ఊరికి క్రొత్తవాడు, భాష రానివాడు, పిల్లను పలుకరించినవాడు. ఇవి చూచిన గుర్తులు. దొంగ యనునది చేసిన యూహ. వారికి ఊహ లేదనరాదు. హేతువును పరీక్షించు నలవాటు లేదు. మన తార్కికులు దీనిని హేత్వాభాసమనిరి. హేతువువలె కనబడునది గాని హేతువు కానిది. పొగ యున్నచోట నిప్పుండును. నిప్పున్నచోట నెల్ల పొగ యుండునా? కాలిన యినుపగుండునందు నిప్పున్నది, పొగ లేదు. పచ్చికట్టె చేరిననే పొగ. అట్లే క్రొత్తదనము దొంగకును కలదు, బాటసారికిని కలదు, బిచ్చగానికిని కలదు. రెండువైపులకు పోవు గుర్తు ఏ వైపునకును సాక్ష్యము కాదు. ఈ సత్యమును రామయ్యగారి వాకిట ముగ్గుదగ్గఱ నేర్చుకొన్న పిల్లవాడు పెద్దవాడై, చేతిలోని సందేశమును చదువునప్పుడు, "దేనినిబట్టి?" యని తన్ను దా నడుగును. ఆ క్షణమాత్రపు విలంబము ఒకని ప్రాణమును నిలుపవచ్చును.

అందుచేతనే ఊహను నేర్పుట యనగా తోచినదెల్ల చెప్పుమని ప్రోత్సహించుట కాదు. చదువరి యూహకు వాక్యమునెదుట లెక్క చెప్పవలెను. ఎన్ని మాటలకు చోటిచ్చినది, ఏ మాటను త్రొక్కిపెట్టినది, ఏ మాటకు లేని బరువు నిచ్చినది యని చూచి ఊహల తారతమ్యమును తేల్చవలెను. రెండూహలు సమానముగ నిలిచినచో, రెండును నిలిచిన వని యొప్పుకొనవలెను. నిర్ణయమునకు సాక్ష్యము చాలదని చెప్పుట కూడ విద్యయే. పొరుగింట నర్ధరాత్రమున దీపము వెలుగుచుండుట చూచి, తెల్లవారునప్పటికి కథ లల్లి యొక స్త్రీ శీలమును పాడుచేయు నలవాటు మన యూళ్ళలో నున్నది. ఆ దీపము రోగికై వెలుగవచ్చును, పరీక్షకు చదువు పిల్లకై వెలుగవచ్చును. తెలియనిచోట నిలిచిపోవుట బుద్ధికి నిగ్రహము. పరుల విషయమున నది దయ.

దీనికి మూడాక్షేపణలు వినవచ్చుచున్నవి. ఒకటి: అఱువదిమంది పిల్లలున్న తరగతిలో, పాఠ్యక్రమము ముగింపవలసిన తొందరలో, ఇది జరుగునా? దినమునకు ఒక పేరాయు, ఒక ప్రశ్నయు జరుగును. పది పాఠములు చెప్పి యొకటియు చదివింపకుండుటకంటె, ఏడు చెప్పి మూడింటిని చదివించుట మేలు. రెండు: పరీక్షలో తలకొక జవాబు వచ్చినచో మార్కు లెట్లు వేయుట? జవాబునకు గాక, జవాబునకు చూపిన యాధారమునకు మార్కులు వేయుడు. లెక్కలో వరుసకు మార్కు లిచ్చుట మన మెఱిగినదే.

మూడవది గంభీరమైనది. దేనినిబట్టి యని యడుగుట నేర్చిన పిల్ల రేపు గురువును, పెద్దలను, శాస్త్రమును గూడ అట్లే యడుగును. వినయము నశించునని భయపడువారు కలరు. అడుగును, అడుగవలెను. ఛాందోగ్యోపనిషత్తున ఉద్దాలకుడు కుమారుడైన శ్వేతకేతునిచేత మఱ్ఱిపండు తెప్పించి, దానిని చీల్చుమనును, గింజను చీల్చుమనును, ఏమి కనబడుచున్నదని యడుగును. ఏమియు కనబడుట లేదని కుమారుడు చెప్పిన పిదపనే, ఆ కనబడనిదానినుండి మహావృక్షము నిలిచి యున్నదని తండ్రి చూపును. తానే మొదట చెప్పి వ్రాయింపవచ్చును గదా! పండును తెప్పించి, చీల్పించి, చూపించి, అడిగి, పిమ్మట చెప్పెను. దీనివలన శ్వేతకేతుని వినయము తగ్గలేదు. పండ్రెండేండ్లు చదివి తనకన్నియు తెలియునను గర్వముతో ఇంటికి వచ్చినవా డాతడు. ప్రశ్నవలననే యాతనికి వినయము కలిగెను. వల్లెవేసినవానికి తన జ్ఞానము నిండుగ తోచును. వెదకినవానికి తన కెంత కనబడలేదో తెలియును. కావున వినయమును కోరువారు ప్రశ్నకు భయపడ నక్కఱలేదు.

నిజమైన భయము వేఱొకచోట నున్నది. తాత్పర్యమును పిల్లచేత చెప్పించు నుపాధ్యాయుడు, ఒకానొకనాడు ఆ పిల్ల తనకు తోచనిదానిని చెప్పుటకు సిద్ధపడి యుండవలెను. పదిమంది యెదుట, "నీవు చెప్పినదే బాగున్నది, నా కది తోచలేదు" అని పలుకవలసి వచ్చును. ఇది సులభము కాదు. జీతముతో గాని, శిక్షణముతో గాని రాదు, శీలముతో వచ్చును. మన బడులలో ఊహకు చోటు లేకుండుటకు పాఠ్యక్రమమును, పరీక్షలను, గైడులను నిందించుట న్యాయమే. వానితోపాటు, తెలిసినవాడను నేను, తెలియనివాడవు నీవను నాసనమునుండి దిగుట కిష్టము లేని మన పెద్దల మనస్సును గూడ లెక్కింపవలెను. ఆ యాసనము వెనుకటి కాలమున కులము వలన వచ్చెను, నేడు ఉద్యోగమువలన వచ్చుచున్నది. కూర్చున్నవాని కది యిచ్చు సుఖము మాత్ర మొక్కటియే.

దిగినవానికి కలుగు లాభమును గూడ చెప్పవలెను. ఏటేట నవే పాఠములు చెప్పి విసిగిన యుపాధ్యాయునకు, ప్రతి తరగతియు నా పాఠమును క్రొత్తగా చదివి పెట్టును. ఇరువదేండ్లుగ తాను చూడని మాట నొక పదేండ్ల పిల్ల చూపును. చదువను తోడు దొరకినవానికి చదువు పాతబడదు. రేపు తరగతిలో, తాత్పర్యము వ్రాసికొనుడని చెప్పవలసిన చోట నిలిచి, ఈ పద్యమిట్లు చెప్పుటలో నేమి చెప్పక విడిచినదని యడిగి, జవాబు వచ్చువఱకు ఊరకుండుటకు ఏ ప్రభుత్వపు టుత్తరువును అక్కఱలేదు.